మాటల్లేకుండా ప్రేమకథ: తొలినాటి మూకీల దారిలో షార్ట్ ఫిల్మ్ తీయడం ఎలా

మా పెద్దమ్మకి చెవులు సరిగ్గా వినపడవు. టీవీ సీరియళ్ళన్నీ సౌండ్ లేకుండానే చూస్తుంది, ఎవరు ఎవరి పాలలో విషం కలపబోతున్నారో మనకంటే ముందే చెప్పేస్తుంది. నా మొదటి షార్ట్ ఫిల్మ్ తయారవగానే గొప్పగా తీసుకెళ్ళి ఆవిడకి చూపించాను. 9 నిమిషాల ప్రేమకథ. స్లో మోషన్‌లో చూపులు, గాలికెగిరే చున్నీ, వెనకాల వయొలిన్. అంతా ఓపిగ్గా చూసి, "పాపం, ఇద్దరికీ ఒంట్లో బాలేదట్రా?" అంది.

ఇంటికొచ్చి మ్యూట్‌లో పెట్టి చూసుకున్నాను. ఆవిడ చెప్పింది నిజమే. నా ప్రేమంతా వయొలిన్‌లోనూ, వాయిస్ ఓవర్‌లోనూ ఉంది. తెర మీద మాత్రం ఇద్దరు మనుషులు నీరసంగా ఒకళ్ళనొకళ్ళు చూసుకుంటున్నారు, అంతే.

అప్పటినుంచి 1896 మొదలు 1920 దాకా వచ్చిన చిన్న మూకీల మీద పడ్డాను. వాటిలో నాకు కనిపించింది ఒకటే: ప్రేమ ముఖాల్లో లేదు, చేతుల్లో ఉంది. ఒక వస్తువు ఈ చేతినుంచి ఆ చేతికి ఎలా వెళ్ళింది, మధ్యలో ఎవరి కంట పడింది, ఎంతసేపు పట్టింది. కథ అంతా అక్కడే. డైలాగుల్లేకుండా ప్రేమకథ తీయాలనుకునేవాళ్ళకి ఆ పద్ధతిని అంచెలంచెలుగా రాస్తున్నాను. ఫోన్ కెమెరా, ట్రైపాడ్, ఇద్దరు నటులు ఉంటే చాలు.

ముందు చూడాల్సినవి

తీయడానికి ముందు ఒక ఆదివారం చూడటానికి కేటాయించండి. ఎడిసన్ కంపెనీ 1896లో తీసిన 'ది కిస్', ఇంగ్లండ్‌లో జి.ఎ. స్మిత్ 1899లో తీసిన 'ది కిస్ ఇన్ ది టనెల్', డి.డబ్ల్యు. గ్రిఫిత్ 1912లో బయోగ్రాఫ్ కంపెనీకి తీసిన 'ది న్యూయార్క్ హ్యాట్', ఆలిస్ గీ 1913లో తీసిన 'మ్యాట్రిమొనీస్ స్పీడ్ లిమిట్', చాప్లిన్ 1917 నాటి 'ది ఇమ్మిగ్రెంట్', బస్టర్ కీటన్ 1920 నాటి 'వన్ వీక్'. అన్నీ ఇంటర్నెట్‌లో ఉచితంగా దొరుకుతాయి. అన్నీ కలిపినా మన సినిమా ఒక్కటంత ఉండవు.

మ్యూట్‌లో చూడండి. ఇప్పుడు వాటి వెనక వినిపించే సంగీతం చాలావరకు తర్వాతి కాలం వాళ్ళు అతికించినదే. ఆ పియానో మీకు ముందే ఏడుపు తెప్పిస్తే సినిమా ఏం చేసిందో తెలియదు. రెండోసారి చూసేటప్పుడు కాగితం పెట్టుకుని, ఎవరి చేతిలో ఏముందో మాత్రం రాసుకోండి. ముఖాల గురించి ఒక్క ముక్క రాయొద్దు.

మొదటి అంచె: ముద్దు కాదు, సొరంగం కావాలి

'ది కిస్' సుమారు 20 సెకన్ల ముక్క. మే అర్విన్, జాన్ రైస్ అనే ఇద్దరు రంగస్థల నటులు, తాము ఆడుతున్న ఒక నాటకంలోని చివరి ఘట్టాన్ని కెమెరా ముందు చేసి చూపించారు. చెంపలు ఆనించుకుని కబుర్లాడుకుంటారు, ఆయన మీసం దువ్వుకుంటాడు, ముద్దు పెడతాడు. అయిపోయింది. ఆనాటి జనం ఎగబడి చూశారు. కానీ అది కథ కాదు, ఒక సంఘటన.

మూడేళ్ళ తర్వాత స్మిత్ చేసిన పని చూడండి. రైలు సొరంగంలోకి వెళ్తుంది. పెట్టెలో ఒక జంట, స్మిత్, ఆయన భార్య లారా బేలీ, గబగబా ముద్దు పెట్టుకుని సర్దుకుని కూర్చుంటారు. రైలు సొరంగంలోంచి బయటికొస్తుంది. మూడు ముక్కలు, దాదాపు ఒక నిమిషం. ముందూ వెనకా ఉన్న రైలు దృశ్యం స్మిత్‌ది కూడా కాదు, సెసిల్ హెప్‌వర్త్ అనే ఇంకొకాయన ఇంజన్ ముందు కెమెరా పెట్టి తీసింది. మధ్యలో పెట్టె షాటు ఒక్కటి ఇరికించగానే కథ పుట్టింది. చీకటి వాళ్ళకి అవకాశం ఇచ్చింది, ఆ చీకటి ఎంతోసేపు ఉండదు, వెలుగొస్తే మర్యాదగా కూర్చోవాలి. ముద్దు అదే. సొరంగం వల్ల దానికి దొంగతనమూ తొందరా వచ్చాయి.

కాబట్టి కాగితం మీద మొదట రాసుకోవాల్సింది "అతను, ఆమె" అని కాదు. మీ సొరంగం ఏది? కరెంటు పోయిన పది నిమిషాలా, పెళ్ళివారింట్లో అందరూ బంతిలో కూర్చున్న సమయమా, లిఫ్టు రెండో అంతస్తు నుంచి ఐదో అంతస్తుకి వెళ్ళే వ్యవధా? అది దొరక్కుండా ముందుకి వెళ్ళొద్దు.

రెండో అంచె: వస్తువు

ఈ అంచె దగ్గర ఎక్కువసేపు ఆగుతాను, ఎందుకంటే నేను ఎక్కువసార్లు తప్పు చేసింది ఇక్కడే.

'ది న్యూయార్క్ హ్యాట్' ఒక్క రీలు సినిమా. కథ రాసింది అనితా లూస్. చనిపోతున్న తల్లి, ఊరి చర్చి పాస్టరుకి కొంచెం డబ్బూ ఒక ఉత్తరమూ అప్పగిస్తుంది. తన భర్త పిసినారి, కూతురికి ఏ ముచ్చటా తీరనివ్వడు. ఈ డబ్బుతో అప్పుడప్పుడూ ఏదైనా కొనిపెట్టండి, ఎవరికీ చెప్పొద్దు అని దాని సారాంశం. కూతురు మేరీ పిక్‌ఫోర్డ్, పాస్టరు లయొనెల్ బారీమోర్. ఊళ్ళో దుకాణానికి న్యూయార్క్ నుంచి ఒక టోపీ వస్తుంది, ధర 10 డాలర్లు. ఆ పిల్ల అద్దం బయట నిలబడి చూస్తుంది. ఆ పిల్లని పాస్టరు చూస్తాడు. కొని పంపిస్తాడు. అది పెట్టుకుని చర్చికి వెళ్తే ఊరు భగ్గుమంటుంది: పెళ్ళికాని పాస్టరు ఈ పిల్లకి టోపీ ఎందుకు కొన్నట్టు? తండ్రి టోపీని చింపేస్తాడు. పెద్దలంతా పాస్టరు మీదికి వస్తారు. ఆయన ఉత్తరం తీసి చూపిస్తాడు. అందరూ తల దించుకుంటారు. ఆ తర్వాత, అప్పుడు మాత్రమే, ఆయన ఆ పిల్లని పెళ్ళాడతావా అని అడుగుతాడు.

టోపీ ఎన్ని చేతులు మారిందో లెక్కపెట్టండి. దుకాణం అద్దం వెనక ఉన్నప్పుడు అది ఆశ. డబ్బాలో ఇంటికొచ్చినప్పుడు ఆశ్చర్యం. చర్చిలో తల మీద ఉన్నప్పుడు ఊరికి సాక్ష్యం. తండ్రి చేతిలో చిరిగినప్పుడు శిక్ష. వస్తువు మారలేదు, చోటు మారింది, అర్థం మారింది. అసలు చమత్కారం ఇంకొకటి: టోపీ కొన్నప్పుడు అది ప్రేమ కానుక కాదు. ఊరు దాన్ని ప్రేమ కానుక అని అనేసింది. చివరికి ఆ అబద్ధం నిజమైంది.

మీ వస్తువుకి మూడు పరీక్షలు పెట్టండి. చేతిలో పట్టేలా ఉండాలి. కనీసం మూడు చోట్లకి వెళ్ళాలి. పాడవగలిగేదో, పోగొట్టుకోగలిగేదో అయ్యుండాలి. ఫోన్ ఈ పరీక్షల్లో నెగ్గదు. దానిలోపల ఏం రాసుందో చదివించాలి కాబట్టి అది వస్తువు వేషం వేసుకున్న టైటిల్ కార్డు (మూకీల్లో మధ్యమధ్య తెర మీద చదువుకోడానికి వచ్చే రాత పలక). గులాబీ పువ్వు కూడా వద్దు. దానికి ఒకే అర్థం ఉంది, అది కథ మొదలవకముందే అందరికీ తెలుసు.

మూడో అంచె: చూసేవాళ్ళు

గోడలకి చెవులుంటాయంటారు. మూకీలో గోడలకి కళ్ళు మాత్రమే ఉంటాయి. పక్కింటివాళ్ళు, అధికారి, తండ్రి, అందరూ ప్రేక్షకుడిలాగే మాట వినకుండా చేష్ట మాత్రమే చూస్తారు, తప్పుగా అర్థం చేసుకుంటారు. మూకీ ప్రేమకథకి సహజమైన విలన్ అపార్థమే, వేరే రౌడీ అక్కర్లేదు.

'ది ఇమ్మిగ్రెంట్'లో ఓడ మీద చాప్లిన్ పేకాటలో డబ్బు గెలుస్తాడు. తల్లి డబ్బు దొంగల పాలై ఏడుస్తున్న అమ్మాయి జేబులో ఆ డబ్బు రహస్యంగా పెడతాడు. అంతా ఇచ్చేస్తే తనకేం మిగులుతుందని గుర్తొచ్చి, మళ్ళీ కొన్ని నోట్లు వెనక్కి తీసుకుంటాడు. సరిగ్గా ఆ తీసుకునే క్షణం అధికారి కంట పడుతుంది. దొంగ అని పట్టుకుంటాడు. ఆ అమ్మాయి జేబు తడుముకుని డబ్బు చూసుకున్నాక గానీ విషయం తేలదు. ఒకే చేయి, ఒకే జేబు: ఒక వైపు నుంచి దానం, ఇంకో వైపు నుంచి దొంగతనం. పదిహేను డైలాగులు రాసినా రాని పరిచయం అక్కడ జరిగిపోయింది.

నాలుగో అంచె: గడువు

ఇది త్వరగా చెప్పేస్తాను. 'మ్యాట్రిమొనీస్ స్పీడ్ లిమిట్'లో డబ్బు పోగొట్టుకున్న కుర్రాడు, కాబోయే భార్య సొమ్ము తీసుకోవడానికి పౌరుషం అడ్డొచ్చి పెళ్ళి వద్దంటాడు. ఆమె ఒక దొంగ టెలిగ్రాం పంపిస్తుంది: ఇవాళ మధ్యాహ్నం 12 లోపు పెళ్ళి చేసుకుంటేనే నీకు ఆస్తి వస్తుంది అని. ఉన్నవి కొన్ని నిమిషాలే. ఇక వాడు వీధిలో కనబడ్డ ప్రతి ఆడమనిషినీ అడగడం మొదలుపెడతాడు. మధ్యమధ్యలో గడియారం. ప్రేక్షకుడికి చదవాల్సింది ఏమీ లేదు, ముల్లు ఎక్కడుందో చూస్తే చాలు. (ఆనాటి జాతి వివక్షతో కూడిన వెటకారం కూడా ఒకటి అందులో ఉంది. గడియారం నేర్చుకోండి, ఆ వెటకారాన్ని వదిలేయండి.)

బస్సు వచ్చే వేళ, ఆఫీసు కౌంటరు మూసే వేళ, దీపంలో నూనె. ఏదో ఒకటి అయిపోతూ ఉండాలి.

ఐదో అంచె: కాగితం మీద క్రియలు మాత్రమే

స్క్రిప్టులో "అతనికి అనిపించింది", "ఆమె మనసులో అనుకుంది" అని కనిపిస్తే కొట్టేయండి. అనిపించడాన్ని కెమెరా తీయలేదు. నేను ఈ పద్ధతిలో రాసుకున్న కథ ఒకటి పూర్తిగా పెడుతున్నాను, ఏం చేయాలో దీంట్లోనే తెలుస్తుంది.

బస్‌స్టాండు ఎదురుగా జెరాక్సు షాపు. అమ్మాయి పదో తరగతి మార్కుల మెమో ఇస్తుంది. కుర్రాడు అద్దం మీద బోర్లించి మూత వేస్తాడు, కాపీలు ఇస్తాడు. బస్సు హారన్. చిల్లర తీసుకుని పరిగెడుతుంది. తర్వాతి మనిషి ఆధార్ కార్డు ఇస్తాడు. మూత ఎత్తితే కింద మెమో! జెరాక్సు షాపులో పనిచేసిన ఎవర్నైనా అడగండి, రోజుకొకరైనా ఒరిజినల్ మరిచిపోతారు. కుర్రాడు రోడ్డు మీదికి ఉరుకుతాడు, బస్సు మలుపు తిరిగింది. వెనక్కొచ్చి, చేతుల తడి చొక్కాకి తుడుచుకుని, మెమోని కొత్త ప్లాస్టిక్ కవరులో పెడతాడు. ఓనరు గల్లాపెట్టె దగ్గర్నుంచి చూస్తున్నాడు: కవరు ఊరికే రాదు కదా. కుర్రాడు జేబులోంచి డబ్బులు తీసి గల్లాలో వేస్తాడు.

మర్నాడు ప్రతి బస్సుకీ తలెత్తుతాడు. ఆమె రానే వచ్చింది, బ్యాగు మొత్తం కౌంటరు మీద బోర్లించి వెతుకుతోంది. అతను కవరు ముందుకి జరుపుతాడు. ఆమె డబ్బులివ్వబోతే వద్దంటాడు.

వారం తర్వాత మళ్ళీ వచ్చింది. ఒక కాగితం ఇచ్చి, కాపీ తీసుకుని, మూత వైపు ఒకసారి చూసి, వెళ్ళిపోయింది. అతను మూత ఎత్తాడు. కింద కిరాణా చీటీ. కందిపప్పు, చింతపండు, సబ్బులు. కిరాణా చీటీకి జెరాక్సు ఎవరు తీయించుకుంటారు?

మొదటిసారి మరిచిపోవడం, రెండోసారి వదిలిపెట్టడం. చేష్ట ఒకటే. మీ కథలో కూడా ఒక పని రెండుసార్లు జరగాలి, రెండోసారికి అర్థం తిరగబడాలి. ఇది కుదిరితే మిగతా తప్పులన్నీ జనం క్షమిస్తారు.

ఆరో అంచె: ఎంత దూరం నుంచి తీయాలి

తొలినాటి వాళ్ళు మనిషిని తల నుంచి కాళ్ళ దాకా, తర్వాతి రోజుల్లో మోకాళ్ళ దాకా పట్టేవాళ్ళు. అందువల్ల చేతులు ఎప్పుడూ ఫ్రేములో ఉండేవి. మనం ముఖం క్లోజప్‌కి అలవాటుపడి చేతుల్ని కత్తిరించేస్తున్నాం. ఫోన్‌ని ట్రైపాడ్ మీద నడుము ఎత్తులో పెట్టి, ఇద్దరూ, మధ్యలో కౌంటరూ కనిపించేలా ఒకే ఫ్రేము కట్టండి. జూమ్ ముట్టుకోవద్దు.

క్లోజప్పులు సినిమా మొత్తానికి మూడు. అంతకంటే ఎక్కువైతే ఏది ముఖ్యమో తెలియదు. దగ్గరికి వెళ్ళకపోతే విషయం అర్థం కాదనుకున్నప్పుడే వెళ్ళాలి. ఎడ్విన్ పోర్టర్ 1903లోనే 'ది గే షూ క్లర్క్'లో ఇది చేశాడు: చెప్పుల దుకాణంలో కుర్రాడు అమ్మాయి కాలికి చెప్పు తొడుగుతుంటే, మడమ దగ్గర లంగా అంచు కొంచెం పైకి జరగడం మాత్రం దగ్గర్నుంచి. మిగతాదంతా దూరం నుంచే, తోడొచ్చిన పెద్దావిడ గొడుగుతో వాణ్ణి బాదడం సహా.

అన్నిటికంటే నాకు ఇష్టమైనది మళ్ళీ 'ది ఇమ్మిగ్రెంట్'లోదే. హోటల్లో చాప్లిన్‌కి ఆ అమ్మాయి మళ్ళీ కనబడుతుంది. సంతోషంగా మాట్లాడుతుంటాడు. ఆమె చేతిలోని రుమాలు అంచు నల్లగా ఉంటుంది. ఆ దేశాల్లో అది చావు గుర్తు. ఓడ మీద చూసిన తల్లి ఇక లేదు. ఏడుపు లేదు, కార్డు లేదు. చాప్లిన్ ఆ రుమాలు చూస్తాడు, ముఖంలో నవ్వు ఆగిపోతుంది. మన దగ్గర నల్ల అంచుకి ఆ అర్థం లేదు కాబట్టి మనవి మనం వెతుక్కోవాలి: ఫోటోకి వేసిన దండ, ఖాళీగా ఉన్న వాలుకుర్చీ.

నా జెరాక్సు కథలో మూడు క్లోజప్పులు: మూత కింద మెమో, గల్లాలో పడే నాణెం, కిరాణా చీటీ. ముగ్గురి ముఖాలకీ ఒక్కటి కూడా లేదు. హీరోగా చేసిన కుర్రాడు రెండు రోజులు నాతో మాట్లాడలేదు.

ఏడో అంచె: ఎడబాటు

1908లో గ్రిఫిత్ 'ఆఫ్టర్ మెనీ ఇయర్స్' తీసినప్పుడు, ఇంటి దగ్గర ఎదురుచూసే భార్య షాటు పక్కనే ఎక్కడో దీవిలో చిక్కుకున్న భర్త షాటు పెట్టాడు. ఇలా గెంతితే జనానికి అర్థమవుతుందా అని కంపెనీలో సందేహం వచ్చిందనీ, డికెన్స్ నవలలు రాసేది ఇలాగే కదా అని ఆయన జవాబిచ్చాడనీ గ్రిఫిత్ భార్య లిండా ఆర్విడ్‌సన్ తర్వాత రాసుకుంది.

మీరు చేయాల్సిందల్లా దిక్కు కాపాడుకోవడం. ఆమె తెర కుడివైపు చూస్తుంటే, తర్వాతి షాటులో అతను ఎడమవైపు చూడాలి. అప్పుడు వంద మైళ్ళ దూరంలో ఉన్నా ఎదురెదురుగా ఉన్నట్టుంటుంది. ఇద్దరూ ఒకే వైపు చూస్తే ఇద్దరూ ఒకే బస్సు కోసం ఎదురుచూస్తున్నట్టుంటుంది. నేను ఒకసారి ఇది మరిచిపోయి రోజంతా తీసిన ఫుటేజీ పారేశాను.

ఎనిమిదో అంచె: నటన, కార్డులు

ఆలిస్ గీ తన సోలాక్స్ స్టూడియోలో "సహజంగా ఉండండి" అని పెద్ద బోర్డు పెట్టించింది. మూకీ అనగానే గుండె మీద చేయి వేసుకుని కళ్ళు తిప్పాలనుకునే మన కుర్రాళ్ళకి ఆ బోర్డు చూపించాలి. నటులకి భావం చెప్పొద్దు, పని ఇవ్వండి. "ప్రేమగా చూడు" అంటే పాడవుతుంది. "చిల్లర లెక్కపెట్టు, మధ్యలో లెక్క తప్పు" అంటే బాగుంటుంది.

టైటిల్ కార్డులు ఎడిటింగ్ అయ్యాకే రాయండి. ముందే రాస్తే సినిమా వాటికి బొమ్మల వ్యాఖ్యానంలా తయారవుతుంది. ఆ కాలంలో చాలామంది జరగబోయేది కార్డులో ముందే చెప్పేసేవాళ్ళు, అది వాళ్ళ లోపమే. కార్డు కాలం, చోటు, పేరు చెప్పాలి, మనసు చెప్పకూడదు. దాన్ని నింపాదిగా రెండుసార్లు చదవగలిగినంతసేపు ఉంచండి. మన దగ్గర రఘుపతి వెంకయ్య 1914లో మద్రాసులో గెయిటీ సినిమా హాలు కట్టిన రోజుల్లో మన భాష చదవడం వచ్చినవాళ్ళే తక్కువ. మూకీలాడే చాలా హాళ్ళలో కార్డులు చదివి కథ చెప్పడానికి ఒక మనిషి నిలబడేవాడు. మీకు ఆ మనిషి ఉండడు. 5 నిమిషాల సినిమాకి నాలుగు కార్డులు దాటొద్దు.

తొమ్మిదో అంచె: రంగు, వేగం

బ్లాక్ అండ్ వైట్ ఫిల్టర్ వేసేస్తే పాత సినిమా అయిపోదు. ఆనాటి ఆర్థోక్రొమాటిక్ ఫిల్ముకి ఎరుపు దాదాపు కనపడదు. కుంకుమ బొట్టు, ఎర్ర చీర నల్లగా పడతాయి, నీలాకాశం తెల్లగా వెలిసిపోతుంది. ఆ రూపు కావాలంటే ఎడిటింగ్ యాప్‌లో ఎరుపుని బాగా తగ్గించి, నీలాన్ని పెంచి, అప్పుడు బ్లాక్ అండ్ వైట్ చేయండి. నటులకి ఎర్ర లిప్‌స్టిక్ వద్దు, పెదవులు బొగ్గు పూసినట్టుంటాయి. రాత్రి సన్నివేశానికి నీలం, దీపం వెలుగుకి పసుపు ఛాయ పూయడం వాళ్ళ అలవాటు. మీరూ పగలు తీసి నీలం పూయొచ్చు, లైట్ల ఖర్చు తప్పుతుంది.

వేగం పెంచొద్దు. మూకీ మనుషులు ఎప్పుడూ గబగబా నడిచేవాళ్ళు కాదు. చేత్తో తిప్పే కెమెరాతో సెకనుకి 16, 18 ఫ్రేముల చొప్పున తీసినదాన్ని తర్వాత 24కి పరిగెత్తిస్తే అలా కనపడింది. వెయ్యి అడుగుల రీలు, అడుగుకి 16 ఫ్రేములు: 16 ఫ్రేముల వేగంలో దాదాపు 16 నిమిషాల 40 సెకన్లు, 24లో 11 నిమిషాలు. ప్రేమ మూడో వంతు ఆవిరైపోయింది. మీ మొదటి ప్రయత్నానికి 5 నిమిషాలు చాలు.

పదో అంచె: ముగింపు

కౌగిలి దగ్గర ఆపాలనిపిస్తుంది. ఆపొద్దు. 'వన్ వీక్'లో కొత్తగా పెళ్ళయిన జంట వారం రోజులు కష్టపడి కట్టుకున్న వంకర ఇల్లు రైలు పట్టాల మీద ఇరుక్కుంటుంది. వస్తున్న రైలు పక్క పట్టాల మీద వెళ్ళిపోతుంది, ఇద్దరూ ఊపిరి పీల్చుకుంటారు. అంతలో అవతలినుంచి ఇంకో రైలొచ్చి ఇల్లు నుగ్గు చేస్తుంది. కీటన్ ఆ కుప్పకి 'అమ్మబడును' అని బోర్డు తగిలించి, భార్య చేయి పట్టుకుని నడిచి వెళ్ళిపోతాడు. వస్తువు పోయింది, చేయి మిగిలింది.

ముగింపు దొరక్కపోతే, కథ మధ్య నుంచి మొదలుపెట్టి చూడండి. 'ది ఇమ్మిగ్రెంట్'లో ముందు తీసింది హోటల్ సీనే, ఓడ తర్వాత పుట్టింది. హోటల్లో వీళ్ళిద్దరూ ఎవరు, ఇంతకు ముందు ఎక్కడ కలిశారు అన్న ప్రశ్నకి జవాబు వెతుక్కుంటే ఓడ దొరికింది.

చివరి పరీక్ష

సినిమాని మ్యూట్‌లో ఒక మనిషికి చూపించండి. బాగుందా అని అడగొద్దు, ఏం జరిగింది అని మాత్రం అడగండి. వాళ్ళు చెప్పేదాంట్లో "అనుకుంటా" అన్న మాట ఎక్కడొచ్చిందో ఆ సీను మళ్ళీ తీయాలి. మీరు మధ్యలో నోరు విప్పితే పరీక్ష చెల్లదు.

జెరాక్సు సినిమా కూడా పెద్దమ్మ దగ్గరికే తీసుకెళ్ళాను. కళ్ళజోడు తుడుచుకుని చూసింది. మెమో దగ్గర "అయ్యో" అంది. ఓనరు చూసినప్పుడు "వీడొకడు" అంది. చివరి క్లోజప్ అయ్యాక కాసేపు ఆగి, "ఈసారి ఆ పిల్ల కావాలనే వదిలేసి పోయింది కదూ?" అని అడిగింది.

తలూపాను.

"మరి ఇంటికి సరుకులెట్లా తీసుకెళ్తుందిరా?"

"కాపీ ఉందిగా పెద్దమ్మా," అని చెవి దగ్గర అరిచాను.